అమ్మ వచ్చిన ఇంట్లో ఏడవకూడదు

సుద్దబండ కొట్టాల
3-3-1955

అమ్మా లక్ష్మక్కా, మన ఇంటికి అమ్మవారొచ్చింది!

ముందు కుశలం అడిగి, తర్వాత సంగతి రాయాలని వీధిబడి అయ్యవారు నేర్పించినాడు గానీ చెయ్యి ఆగలేదు. ఊళ్ళో ఇన్ని ఇళ్ళుండగా, రెడ్ల మిద్దెలుండగా, కరణం గారికి అంత పెద్ద లోగిలి ఉండగా, అమ్మ మన రెండంకణాల బండల ఇంటినే కోరుకునింది. ఏ జన్మలో ఏం పుణ్యం చేసినానో! వచ్చినప్పటి నుంచి నాకు ఆకలి లేదు, నిద్ర లేదు. దారిన పోయే ప్రతివాడినీ పిలిచి చెప్తున్నాను.

నీకు మగబిడ్డ పుట్టినాడన్న కార్డు కూడా అందింది. ఒకే వారంలో రెండు సంతోషాలు. మనవడికి ఈ తాత ముద్దులు. అల్లుడు గోపన్నకు రైలు కట్ట మీద ఎండలో పని చేసేటప్పుడు తలకు గుడ్డ చుట్టుకోమని చెప్పు.

వాకిలికి యాపమండలు కట్టినాము. మీ అమ్మ తిరుపతమ్మ తాలింపు మానేసింది, ఇంట్లో నూనె చుక్క కాగదు. అంబలీ మజ్జిగా, అంతే. నేను గడ్డం గీయించుకోవడం లేదు, చెప్పులు తొడగడం లేదు. గనిలో ఎవరూ గడ్డపార దించడం లేదు. బయటి ఊరివాళ్ళు మన గడప దాటకూడదు, మనం పొలిమేర దాటకూడదు. కాబట్టి నువ్వు ఇప్పుడు రావద్దు. పసిగుడ్డుతో అసలే రావద్దు.

నీ పెద్దబిడ్డ మద్దమ్మ గురించి దిగులు పెట్టుకోకు. కాన్పుకు పోతూ దాన్ని మా దగ్గర విడిచినావని ఏడ్చినావే, అదే దాని అదృష్టమయింది. పిల్ల అమ్మ పక్క విడిచి లేవడం లేదు. మొగమంతా పసుపు, ఒళ్ళంతా పసుపు. దాన్ని చూసి మీ అమ్మ చేతులెత్తి దండం పెడుతుంది.

ఎట్లా వచ్చిందీ ఏమిటీ అన్నదంతా మీ చిన్నాయన నరసింహ రాస్తానని కార్డు కొనిపెట్టుకున్నాడు. వాడి దస్తూరీ బాగుంటుంది కదా, అందుకని ఆ సంగతి వాడికే విడిచిపెడుతున్నాను. ఎనుము ఈనింది, దూడ బతికింది.

ఆనందం పట్టలేని మీ నాయన,
చిన్న ఈరన్న


కడప
9-3-1955

నాయనకు లక్ష్మక్క దండం పెట్టి రాస్తున్నది.

నీ జాబు చేరింది. అమ్మ మన ఇంటికి రావడం మన భాగ్యం.

ఆ ఒక్క మాట రాసి చానాసేపు కలం పట్టుకొని కూర్చున్నాను. చిన్నాయన కార్డు రాలేదు. అమ్మ వచ్చిన ఇంట్లో ఏడవకూడదని, దాన్ని పేరు పెట్టి అనకూడదని, వింటే తల్లికి కోపం వస్తుందని అవ్వ చెప్పేది. నా చిన్నప్పుడు ఎదురింటి పుల్లన్న వాళ్ళ పిల్లకు వచ్చినప్పుడు ఆ ఇంట్లో అందరూ నవ్వు మొగాలు పెట్టుకొని తిరిగినారు. పిల్లను చాపలో చుట్టి తీసుకుపోయిన పొద్దు కూడా వాళ్ళమ్మ గడప మీద నిలబడి, "తల్లి వచ్చింది, తల్లి తీసకపాయ, మా బాగ్గెం" అనింది. ఆమె నవ్విన నవ్వు నాకు ఇప్పటికీ కండ్ల ముందరే ఉంది. అందుకే నేను కూడా సంతోషంగానే రాస్తున్నాను నాయనా. అమ్మ నా మీద కోపగించుకోకూడదు.

అడగకూడని మాట అడగను. అడగదగినవే అడుగుతాను. వచ్చింది పెద్దమ్మా, చిన్నమ్మా? ముత్యాలు ఎన్ని పోసింది? మొగం మీద కూడా ఉన్నాయా? కండ్లు మాత్రం చల్లగా చూడమని నా మారుగా మొక్కు. నీళ్ళు పోసినారా, ఇంకా లేదా? మద్దికి ఏం పెడుతున్నారు, మాట్లాడుతూ ఉందా?

మనవడు బాగున్నాడు. నేను పాలివ్వడానికి కూర్చుంటే నా గుండె దడకు వాడు ఉలిక్కిపడి లేస్తున్నాడు. పక్కింటి విశ్వాసమ్మ ఆసుపత్రిలో ఆయాగా పనిచేస్తుంది, మంచిది. ఆమె, "ఏంటికి లక్ష్మక్కా అట్ల ఊరికే గోడ పక్క జూస్తాండావు?" అని అడిగింది. ఏమీ లేదన్నాను.

వెంటనే రాయి నాయనా. పెద్ద జాబే రాయి.

నీ బిడ్డ,
లక్ష్మక్క


సుద్దబండ కొట్టాల
15-3-1955

లక్ష్మక్కా, నువ్వు నా కడుపున పుట్టిన బిడ్డవే తల్లీ! అమ్మ మీద నీకెంత భక్తి! నీ జాబును వాకిట్లో కూర్చొని అందరికీ చదివి వినిపించినాను. "సూడండప్పా, కడపలో ఉన్నా నా కూతురు ఏమేమి అడిగిండాదో" అన్నాను. అందరూ నిన్ను మెచ్చుకున్నారు.

నీవు అడిగినవాటికి వరసగా చెప్తాను.

పెద్దమ్మే. చిన్నమ్మ అంటే నేను ఒప్పుకుంటానా? శానా పెద్దమ్మ. ఇట్లాంటి అమ్మ ఈ చుట్టుపక్కల ఏ ఊరికీ రాలేదని ముసలివాళ్ళే అంటున్నారు.

ముత్యాలు అడిగినావు. మొదట నొసటి మీద కొన్నే. ఇప్పుడు మొగమంతా. రోజురోజుకూ పెరుగుతున్నాయి. బుగ్గ ఏదో గడ్డం ఏదో తెలియకుండా ముత్యాలే ముత్యాలు. మెడ మీదికి కూడా దిగినాయి. చూస్తుంటే ఒళ్ళు జలదరిస్తుంది.

కండ్లు ఇంకా తెరవలేదు. అది ఇంట్లోవాళ్ళ వల్ల అయ్యే పని కాదు. ఆళ్ళగడ్డ నుంచి ఒకాయన రావాలంట, ఆయన వచ్చి తెరిపించేదాకా మనం ఆ కండ్ల జోలికి పోకూడదు. ఉగాది దాటుతుందేమో.

నీళ్ళు పోసినారా అని అడిగినావు చూడు, ఎవరైనా వింటే నవ్వుతారు! రోజూ పోస్తున్నాము. పొద్దు పొడవకముందే బాయి నుంచి బిందెలు బిందెలు తెచ్చి, తల మీది నుంచి చన్నీళ్ళు. మీ అమ్మే పోస్తుంది. దాని చేతులు వంకర్లు పోతున్నాయి, అయినా మానదు.

మద్ది మాతో మాట్లాడడం మానేసింది. పిలిస్తే పలకదు. ఎప్పుడు చూసినా అమ్మతోనే గుసగుస, తనలో తాను నవ్వుకుంటుంది. అన్నం వద్దంటుంది. అంత చిన్నపిల్లకు ఇంత పట్టుదల ఎక్కడిదా అని ముచ్చటేస్తుంది. దాన్ని ఆడ నుంచి కదిలించొద్దని పూజారి అయ్యన్న కూడా చెప్పినాడు.

నువ్వు గోడలు చూస్తూ కూర్చోకుండా కరక్కాయ కషాయం తాగు. బాలింతకు మంచిది.

ఊరంతా అదృష్టవంతుడనే మీ నాయన,
చిన్న ఈరన్న


కడప
20-3-1955

నాయనా,

నువ్వు సంతోషంగా రాసేకొద్దీ నాకు భయం పెరుగుతుంది. ఇక నావల్ల కాదు. అమ్మకు కోపం వస్తే నా మీద రానీ, మద్ది మీద వద్దు. మద్దిని విడిచిపెట్టి నన్ను పట్టుకోమని మొక్కుతున్నాను.

ముత్యాలు మెడ మీదికి దిగినాయని రాసినావు. కండ్లు తెరవలేదని రాసినావు. పిలిస్తే పలకడం లేదని, తనలో తాను నవ్వుకుంటోందని రాసినావు. ఇవన్నీ రాసి, కింద నన్ను కరక్కాయ కషాయం తాగమన్నావు. లోపల గుండె పగులుతున్నా అమ్మ వినేటట్టు సంతోషంగా రాస్తున్నావని నాకు తెలుసు నాయనా. ఇంత బాగా నవ్వడం నీకు ఎట్లా చేతనయింది? కానీ ఆ చన్నీళ్ళు మాత్రం ఆపండి. ముత్యాలు వాడకముందే తలకు నీళ్ళు పోస్తే ఏమవుతుందో మా అమ్మకు తెలియదా? మా అమ్మకు మతి చెదిరిందా?

నీ జాబు విశ్వాసమ్మకు చదివి వినిపించినాను. ఆమె నోటికి కొంగు అడ్డం పెట్టుకొని, "బిడ్డ బతికుందో లేదో ముందు కనుక్కో" అనింది. ఆ మాట అన్నందుకు తర్వాత నా కాళ్ళు పట్టుకుంది. వాళ్ళు యేసుప్రభువును కొలిచేవాళ్ళు, మాట అనడానికి భయపడరు. నేను ఆ పొద్దంతా మద్ది లంగా ఒకటి ఇక్కడ మిగిలిపోతే దాన్ని చంకలో పెట్టుకొని కూర్చున్నాను.

మీ అల్లుడు నీ జాబు తీసుకుపోయి టీకాల ఆఫీసులో చూపించినాడు. వాళ్ళు కర్నూలుకు తంతి కొట్టినారంట. మన ఇంటికి మనుషులు వస్తారు. ఇంటి గుట్టు బయట పెట్టినందుకు నన్ను తిట్టు, కొట్టు. వాళ్ళను మాత్రం వాకిట్లో నుంచి పంపించెయ్యొద్దు.

నేనే బండెక్కి వచ్చేదాన్ని. ఈ పసివాణ్ణి తీసుకొని ఆ ఇంట్లోకి రాలేను, వీణ్ణి విడిచిపెట్టీ రాలేను. రెండు పక్కలా నా బిడ్డలే.

లక్ష్మక్క


సుద్దబండ కొట్టాల
29-3-1955

అమ్మా లక్ష్మక్కా, మద్దమ్మ గుండ్రాయిలా ఉంది! ఒంటి మీద చీమ కుట్టిన మచ్చ కూడా లేదు! ఈ జాబు రాస్తుంటే నా పక్కనే కూర్చొని బెల్లం నాకుతుంది. చెయ్యి కడుక్కోకుండా కాగితం పట్టుకుంది, ఆ మూల జిగట దాని వేలిదే. చూసుకో. ముద్దు పెట్టుకో.

నేను ఎంత తెలివితక్కువ ముసలివాణ్ణో ఇప్పుడు తెలిసింది. నాకు సిగ్గూ నవ్వూ ఒకేసారి వస్తున్నాయి. మొదటి నుంచి చెప్తాను.

మొన్న మధ్యాహ్నం టీకాలాయన వచ్చినాడు. పేరు ఆనందమంట, మొగంలో మాత్రం అది ఏ కోశానా లేదు. చేతిలో పెట్టె, వెనక బంట్రోతు, వాళ్ళ వెనక మన తలారి.

"ఇంట్లో అమ్మవారుండాదంట గదా, పెద్దాయనా?" అన్నాడు.

"ఉండాదప్పా. రాండి. చెప్పులు ఆడిడిసి రాండి" అన్నాను.

"ఎవురికి?"

"ఎవురికేంది? ఊరందరికీ!"

ఆయన చేతిలో పెట్టె జారబోయింది. "ఊరందరికీనా! పెద్దమ్మేనా?"

"శానా పెద్దమ్మ. నలుగురు మోస్తే గానీ ఈడికి రాలేదు."

"మోసినారా! అయితే మనిషి పోయినట్లేనా?"

"పోయేదేంది సామీ, ఈడనే గదా ఉండేది! లోపలికి రాండి, సూస్తురు గాని."

ఆయన ముక్కుకు గుడ్డ కట్టుకొని లోపలికి వంగినాడు. దేవుని మూల అమ్మ ముత్యాల సరాలతో ధగధగలాడుతూ ఉంది. బేతంచెర్ల సెట్టిగారి భార్య ఇచ్చినవి అవి, రోజూ ఒక సరం పంపుతుంది. అమ్మ ఒళ్ళో తల పెట్టుకొని మద్ది ఏవో కబుర్లు చెప్తుంది. ఆనందం కాసేపు అమ్మను చూసినాడు, కాసేపు పిల్లను చూసినాడు, తర్వాత ముక్కు గుడ్డ ఊడదీసి అరుగు బండ మీద కూలబడి నవ్వడం మొదలుపెట్టినాడు. కండ్లలో నీళ్ళు కారేదాకా నవ్వి, ఉన్నట్టుండి కోపంగా అన్నాడు: "ముసలాయనా, నీ కూతురు ఆడ కడపలో సస్తాండాది, నీకు తెల్సునా?"

అప్పుడు తెలిసింది తల్లీ.

అమ్మ మన గనిలో దొరికింది. పై పొర తీస్తుంటే గడ్డపారకు ఖంగుమని తగిలి బయటపడింది. పాతకాలపు అమ్మ. గుడి కట్టేదాకా ఎవరింట్లో ఉంచాలని చీట్లు వేస్తే మన పేరు వచ్చింది. ఇంట్లో ఉన్నన్నాళ్ళు ఆమెను 'రా' తో మొదలయ్యే ఆ మాట అనకూడదని, అంటే మళ్ళీ అదే అయిపోతుందని అయ్యన్న కట్టడి చేసినాడు. అందుకే అమ్మ, అమ్మ అని మాత్రమే రాసినాను. మిగతాది నరసింహ రాస్తాడనుకున్నాను. ఆ కార్డు వాడి రుమాలు మడతలోనే ఉందని నిన్న బయటపడింది. వాణ్ణి మీ అమ్మ చీపురు తీసుకొని తరిమింది.

ఉగాది నాడే ఆళ్ళగడ్డ శిల్పి వచ్చి అమ్మ కండ్లు తెరిచినాడు. ఇప్పుడు కట్టడి లేదు, గడప తెరిచినాము. డోను నుంచి, నంద్యాల నుంచి, బనగానపల్లె నుంచి బండ్లు కట్టుకొని వస్తున్నారు. రోగాలున్నవాళ్ళు, బిడ్డలు లేనివాళ్ళు, అందరూ మద్ది చేతి నుంచే కుంకుమ పెట్టించుకుంటున్నారు. బాలమ్మ అని దానికి కాళ్ళు మొక్కుతున్నారు!

వచ్చినవాడు ఊరికే పోవడం ఎందుకని ఆనందం ఊళ్ళో అందరికీ సూదులు పొడిచినాడు. మీ అమ్మ సిగ్గులేకుండా చెయ్యి చాపింది. నేనూ మద్దీ మాత్రం పొడిపించుకోలేదు. అమ్మను ఇంట్లో పెట్టుకొని సూది పొడిపించుకుంటే, నిన్ను నమ్మలేదు పో అని ఆమె మొగం మీద చెప్పినట్టు కాదా? మద్దిని గొడ్లపాకలో దాచిపెట్టి, "అమ్మ జూసుకుంటాది, నువ్వు బో సామీ" అన్నాను. ఆయన గొణుక్కుంటూ పక్క వాకిట్లోకి పోయినాడు.

నవ్వు తల్లీ. ఇన్నాళ్ళు ఏడ్చినావు, ఇప్పుడు నవ్వు.

నీ కాళ్ళకు దండం పెట్టాల్సిన నాయన,
చిన్న ఈరన్న


కడప
4-4-1955

నాయనా,

జాబు చూసి నవ్వినాను, ఏడ్చినాను, కాగితం మూల ముద్దు పెట్టుకున్నాను. బెల్లం తీపి ఇంకా ఉంది. విశ్వాసమ్మ మా ఇద్దరికీ కాఫీ పెట్టి, "మీ నాయన్ని ఒకసారి జూడాల" అనింది.

తర్వాత జాబు రెండోసారి చదివినాను. రెండోసారి చదివితే నవ్వు రాలేదు.

యాడయాడి నుంచో బండ్లు కట్టుకొని జనం వస్తున్నారని రాసినావు. రోగాలున్నవాళ్ళు మద్ది చేత కుంకుమ పెట్టించుకుంటున్నారని రాసినావు. నాయనా, ఈ ఎండల్లో ఇక్కడ ఆసుపత్రిలో అమ్మ వచ్చినవాళ్ళకు వేరే కొట్టం వేసినారు. ఆ కొట్టం నిండిపోతే చెట్టు కింద పడుకోబెడుతున్నారంట. విశ్వాసమ్మ ఇంటికి వచ్చి గుడ్డలు ఉడకబెట్టుకున్నాక గానీ మా పిల్లవాణ్ణి ఎత్తుకోదు. కొందరు ఒంట్లో జ్వరం పెట్టుకొనే గుళ్ళకూ తిరునాళ్ళకూ తిరుగుతారంట, మొక్కుకుంటే పోతుందని. అట్లాంటివాళ్ళు వచ్చి మద్ది ముందర మొగం వంచితే?

నువ్వు అమ్మను నమ్ము. నేనూ నమ్ముతాను. కానీ మద్దికి టీకా వేయించు. నువ్వూ వేయించుకో. బేతంచెర్లకు బండి కట్టుకొని పో. నా మీద ఒట్టు, నా పాలు తాగే వీడి మీద ఒట్టు. పిల్లకు వేయించినానని ఒక్క ముక్క రాస్తే చాలు. ఆ ముక్క వచ్చేదాకా నాకు అన్నం దిగదు. మొన్నటి భయం ఉత్తదే అయింది. అది అట్లా ఉత్తదైపోయినందుకే నాకు ఇప్పుడు ఇంకా భయమేస్తుంది.

లక్ష్మక్క


సుద్దబండ కొట్టాల
22-4-1955

లక్ష్మక్కకు,

అమ్మ వచ్చింది. మా భాగ్యం. అందరమూ సంతోషంగా ఉన్నాము. నువ్వు రావద్దు.

నాయన


కడప
1-5-1955

నాయనా, నాయనా,

ఇంత చిన్న జాబు నువ్వు ఎప్పుడైనా రాసినావా? ఎనుము ఈనితే రెండు పక్కలా రాసేవాడివి. ఎనుము లేదు, దూడ లేదు, మనవడికి ముద్దు లేదు. నీ పేరు కూడా సగమే రాసినావు. అక్షరాలు వరస తప్పి కిందికి జారినాయి. 'సంతోషంగా' అన్న మాటలో 'తో' దగ్గర కలం కాగితాన్ని చించింది.

ఈసారి గనిలో దొరికిన అమ్మ కాదు. నాకు తెలుసు.

మీ అల్లుడు ఆ పొద్దే బండెక్కినాడు. మన పొలిమేరలో తలారి కర్ర అడ్డం పెట్టి లోపలికి పోనియ్యలేదంట. ఊరు కట్టేసినారంట. మన ఇంటి వాకిలికి యాపమండలు దూరం నుంచి కనపడినాయంట.

"ఎవురింట్లో?" అని అడిగితే, "ఈరన్న ఇంట్లోనే" అన్నాడంట.

"ఎవురికి?"

"అట్లడగగూడదప్పా. తెలీదా నీకు?"

మద్దిని ఒకసారి బయటికి తెచ్చి దూరం నుంచైనా చూపించమని అల్లుడు బతిమాలుకున్నాడు. తలారి తల వంచుకొని అటు తిరిగి నిలబడినాడంట. ఎండ తిరిగేదాకా ఆడనే కూర్చొని వచ్చేసినాడు. వచ్చినప్పటి నుంచి ఆయన నాతో మాట్లాడడం లేదు. మాట్లాడితే ఏమంటాడో అని నేనూ అడగడం లేదు.

అడగకూడదు, చెప్పకూడదు, ఏడవకూడదు. మీరంతా ఆ ఇంట్లో నవ్వుతూ కూర్చున్నారు, పుల్లన్న వాళ్ళ ఇంట్లో మాదిరి. మా అమ్మ ఒకవేళ ఇప్పుడు గడప మీద నిలబడి నవ్వుతుందేమో. నాకు ఆ నవ్వు వద్దు నాయనా. టీకా వేయించినానని నువ్వు రాయలేదు. వేయించి ఉంటే రాసేవాడివే కదా?

మద్దికి అయితే 'మద్ది' అని రెండు అక్షరాలు రాసి పంపు. చాలు. నీ సంతోషం మాత్రం రాయొద్దు.

లక్ష్మక్క


సుద్దబండ కొట్టాల
18-5-1955

లక్ష్మక్కా, మద్దికి ఏమీ కాలేదు! మద్ది బాగుంది! వచ్చింది నాకు తల్లీ, నాకు! నేను కూడా బతికినాను!

పోస్టు మనిషి ఊరి బయట నుంచే తిరిగిపోతూ ఉండినాడు. నీ జాబు నిన్ననే చేతికొచ్చింది. చదివి మీ అమ్మ నన్ను అన్న మాటలు ఈ కాగితంలో పట్టవు. అంత చిన్న జాబు ఎందుకు రాసినానంటే, ఆ పొద్దు వేళ్ళ సందుల్లో కూడా పొక్కులు లేస్తున్నాయి. ఎవరికి వచ్చిందీ పేరు పెట్టి రాయకూడదని భయం. నాకు అని రాస్తే అమ్మ, 'వీడు చాడీలు చెప్తున్నాడు, వీడి పక్కనున్న దాన్ని కూడా పట్టుకుందాం' అంటుందని భయం.

దండం పెట్టుకోను వచ్చిన ఒక ముసలామె కళ్ళు తిరిగి పడబోతే నేనే పట్టుకొని అరుగు మీద పడుకోబెట్టినాను. ఆమె ఒళ్ళు పొయ్యి మీది పెనం. ముసుగు తీసి చూస్తే మొగమంతా అదే. తర్వాత కొన్నాళ్ళకు నాకు జ్వరం వచ్చింది.

నీకు ఒక మాట చెప్తాను లక్ష్మక్కా. నేను చావుకు భయపడలేదు. మద్దిని చూసి భయపడినాను. ఎంత తరిమినా అది పోదు. యాపమండ పట్టుకొని వచ్చి నాకు ఈగలు తోలుతుంది. "పో, పో" అంటే, "నువ్వు అమ్మవారివైనావా తాతా?" అని నవ్వుతుంది. పొద్దున లేచినప్పటి నుంచి దాని నొసలు చూడడమే నా పని. చెమట చుక్కను చూసి పొక్కు అనుకొని కెవ్వున అరిచినాను ఒకసారి. నా చెయ్యి తాకనియ్యను, నా నీడ పడనియ్యను, అయినా అది నా పక్కకే వచ్చేది. దేవుని మూలకు తిరిగి, ఆమె మొగం చూడలేక కండ్లు మూసుకొని, 'నేను గొప్పలకు పోయి పిల్లను సూది నుంచి దాచిపెట్టినాను, నన్ను తీసుకో' అని మొక్కినాను. నీ ఒట్టు రాసిన జాబు నా తల కింద ఉండింది. అది నాకు ముల్లుకంప మాదిరి గుచ్చుకునేది.

ఒక పొద్దు తట్టుకోలేక మీ అమ్మతో, "పిల్లను యాడికన్నా తీసకపోయే, అది సచ్చిపోతాది" అని ఏడ్చినాను. అమ్మ వచ్చిన ఇంట్లో ఏడ్చినాను.

మీ అమ్మ అంబలి చెంబు కింద పెట్టి, మద్దిని దగ్గరికి లాక్కొని, రవిక చెయ్యి పైకెత్తి చూపించింది. భుజం కింద టీకా మచ్చ, మాని పక్కు రాలిపోయి నున్నగా.

"ఎప్పుడే?" అన్నాను.

"నువ్వు దాన్ని గొడ్లపాకలో దాసినావే, ఆ పొద్దే. నువ్వు ఈడ వాకిట్లో ఉపన్యాసం సెప్తాంటే, ఆయప్పను ఎనక దిక్కు నుంచి పిల్సుకపోయి పొడిపిచ్చినా. మీ ఆయనకు సెప్పనులేమ్మా అన్యాడు."

"నాకెందుకు సెప్పలేదే?"

"సెప్తే అమ్మ పేరు పెట్టి ఎగిరి గంతులేస్తావని సెప్పలే. జెరం లేసినాక ఎన్నోసార్లు సెప్పబోతి. నోరెత్తితే సాలు, అమ్మ ఇంటాది, మాట్లాడొద్దు, నవ్వు అంటివి గదయ్యా! నవ్వేదానికే సరిపాయ నాకు."

నాకు ఏడుపు ఆగలేదు. "ఇట్లాంటివి మాట్లాడితే అమ్మకు కోపం రాదా?" అన్నాను.

మీ అమ్మ దేవుని మూల వైపు చెయ్యి చూపించి అనింది: "ఆ తల్లి ఆడ కూసోనుండాది. ఇది నీ ఒంటి మీద ఉండాది. రెండూ ఒకటేనా? రోగాన్ని పట్టుకొని అమ్మా అమ్మా అంటాండామే, దానికి రాదా ఆమెకు కోపం?"

రెండు రోజులు అదే ఆలోచించినాను. నాకు వచ్చింది మసూచి. రాసినాను చూడు, మసూచి. రాసినా ఏమీ కాలేదు. ఇల్లు కూలలేదు. మద్ది వాకిట్లో దూడను ఉరికిస్తుంది.

మొగం మాత్రం గడ్డపార దిగిన సుద్దబండ మాదిరి అయింది. అల్లుడు చూసి జడుసుకోకూడదని ముందే రాస్తున్నాను. తలకు నీళ్ళు పోసినారు, నిజంగానే, నాకే. అల్లుణ్ణి పొలిమేరలో ఎండలో కూర్చోబెట్టినందుకు మన్నించమను. తలారి తల ఎందుకు తిప్పుకున్నాడని అడిగితే, "నువ్వు పోతావనుకుంటిమి ఈరన్నా, ఏం సెప్పాల అల్లునికి?" అన్నాడు. మనవడికి టీకా పడిందా? విశ్వాసమ్మకు నా దండాలు. ఆమెను నేను కూడా ఒకసారి చూడాలి.

జనం రావడం ఆపినాము. గుడి గోడలు లేచేదాకా అమ్మను చూడడానికి ఎవరూ రావద్దని దండోరా వేయించినాను. ఆమె ఏమీ అనుకోలేదు. ముత్యాల సరాలు సెట్టిగారి ఇంటికి తిరిగి పంపించినాను. వాటిని చూస్తే నాకు ఒళ్ళు జలదరిస్తుంది.

నా వేళ్ళు ఇంకా కలం సరిగా పట్టలేవు, నరసింహకు ఇస్తే కార్డు రుమాల్లోకి పోతుంది. కాబట్టి నువ్వే మన వాళ్ళందరికీ రాయాలి. నేను బతికినానని రాయి, మద్ది బాగుందని రాయి, ఇంట్లో అందరూ టీకా వేయించుకోవాలని రాయి. రాసేటప్పుడు 'అమ్మ వచ్చింది' అని రాయొద్దు, మసూచి అనే రాయి. ఎవరెవరికంటే:

మంత్రాలయంలో మఠం ముందర టెంకాయలు అమ్మే మీ చిన్నత్త సుంకులమ్మకు. రోజంతా జనంలో కూర్చునే మనిషి.

నంద్యాలలో మీ మేనత్త నాగలక్ష్మమ్మకు. సూది అంటే పారిపోతుంది, కోడలికి వేరుగా రాయి.

గండికోట కింద పెన్న ఒడ్డున సేద్యం చేసే రామసుబ్బమ్మకు, ఆమె మరిది రామకృష్ణకు. వాళ్ళకు చదువు రాదు, అయ్యవారి పేరు మీద పంపు.

డోనులో మీ పెద్దనాయన కొడుకు సుబ్బయ్యకు. నేను పోయినానని విని గుండు చేయించుకున్నాడంట, పాపం. వాడికి త్వరగా రాయి.

ఆలూరులో మీ మేనమామ మద్దిలేటికి. వీళ్ళందరికంటే ముందు ఆయనకు రాయి, రాసేదానికంటే ముందు అల్లుణ్ణి టీకాల ఆఫీసుకు పంపు. ఆయన కార్డు నీ జాబుతో పాటే నిన్న వచ్చింది. ఇంట్లో ఆరుగురు పిల్లలు. 'అమ్మ వచ్చింది, అందరమూ సంతోషంగా ఉన్నాము' అని రాసినాడు. ఇంకేమీ రాయలేదు.